మూడో లైన్ లేచిన రోజు

కుమారమ్మ పుట్టింది మలేషియాలోని జొహోర్‌లో. కులాయ్ ఊరు దాటాక ఎర్రమట్టి దారి పట్టుకుని లోపలికి వెళ్తే వచ్చే రబ్బరు తోట అది. ఆమె తాత విశాఖపట్నం రేవులో ఓడెక్కి వచ్చినవాడు. ఏ ఊరి నుంచి వచ్చాడో ఇంట్లో ఒక్కొక్కరు ఒక్కో పేరు చెప్పేవారు. తాత పోయాక ఆ తగువు తీర్చే మనిషి లేకుండా పోయాడు. తోటలో తెలుగు ఇళ్లు నాలుగైదే. చుట్టూ తమిళం, బయటికెళ్తే మలాయ్. ఇంట్లో మాత్రం తాత తనతో తెచ్చుకున్న తెలుగే, మధ్యలో అటూ ఇటూ నుంచి వచ్చి చేరిన మాటలతో.

పదిహేనో ఏటి నుంచే తల్లితోపాటు చెట్లకు పాలు కోసేది. నుదుటికి దీపం కట్టుకుని, బెరడు మీద సన్నగా ఏటవాలుగా గీత గీస్తూ పోవాలి. కత్తి లోతుకు దిగితే చెట్టు పాడవుతుంది, పైపైన పోతే పాలు రావు. కుమారమ్మ చెయ్యి మంచిదని కూలీల మీద పెత్తనం చేసే కంగాణీ కూడా అనేవాడు. పెళ్లి సంబంధాలు రెండు మూడు వచ్చి పోయాయి. ఒకళ్లకు పిల్ల నలుపు, ఇంకొకళ్లకు మాట గట్టిది.

ఎనభై ఆరులోనో ఏడులోనో కులాయ్ బజారులో ఒక వ్యాన్ వచ్చి ఆగింది. సింగపూర్‌లో అమెరికా కంపెనీకి ఆడపిల్లలు కావాలి, చూపు బాగుండాలి, చెయ్యి వణకకూడదు అన్నారు. మైక్రోస్కోపు కింద వెంట్రుకంత రాగి తీగను సూది రంధ్రంలోకి ఎక్కించమన్నారు. కుమారమ్మ మొదటిసారికే ఎక్కించింది. రెండోసారి చేసి చూపించమంటే మళ్లీ ఎక్కించింది. నెల తిరక్కుండా వర్క్ పర్మిట్ వచ్చింది.

తెల్లవారుజామున కులాయ్ కూడలికి కంపెనీ బస్సు వచ్చేది. దాన్ని నడిపేవాడు సూరిబాబు. సింగపూర్‌లోనే పుట్టిన తెలుగువాడు. వాళ్ల నాన్న సెంబవాంగ్‌లో ఇంగ్లీషువాళ్ల నౌకా స్థావరంలో కూలీగా చేసి, వాళ్లు వెళ్లిపోయాక పని పోగొట్టుకున్నవాడు. బస్సులో తమిళ పిల్లలు అతన్ని "అణ్ణే" అనేవారు, మలాయ్ పిల్లలు "అబాంగ్" అనేవారు. రెండూ అన్న అనే అర్థమే. కుమారమ్మ మాత్రం ఏ పిలుపూ లేకుండా, "ఇక్కడ ఆపండి", "కిటికీ మూసుకోటం నేదు, చూడండి" అనేది. సూరిబాబు ఆ సంగతి గమనించాడు. అద్దంలోంచి ఒకసారి చూసి బస్సు పోనిచ్చేవాడు.

జొహోర్‌నూ సింగపూర్‌నూ కలిపే సముద్రం మీది దారి కాజ్‌వే. దానికి ఇవతల ఒకసారి, అవతల ఒకసారి అందరూ బస్సు దిగి వరుసలో నిలబడాలి. పాస్‌పోర్టు మీద ముద్ర పడాలి. సముద్రం మీద ఇంకా చీకటిగా ఉండేది. పక్కనే లావుపాటి నీళ్ల గొట్టాలు వాళ్లతోపాటే సింగపూర్‌కి పోతూ ఉండేవి. పిల్లలు ఒకరి భుజం మీద ఒకరు తల వాల్చి నిలబడే కునుకు తీసేవారు. మళ్లీ బస్సెక్కి ఫ్యాక్టరీ ఉన్న ఆంగ్ మో కియో చేరేసరికి తెల్లారేది. ఆ ప్రయాణం ఎంత విసుగో అప్పట్లో. తరవాత తరవాత కుమారమ్మకు ఆ ఫ్యాక్టరీ గురించి ఏది గుర్తొచ్చినా ముందు గుర్తొచ్చేది మాత్రం ఆ బస్సే. తడి జుట్లకు రాసుకున్న కొబ్బరినూనె వాసన, ఎవరో విప్పిన కొబ్బరిపాల అన్నం, నాసి లెమాక్ పొట్లం, వెనక సీట్లలో పాటలు. ఆమె కూడా వాళ్లమ్మ చెట్లు కోస్తూ పాడే పాటలు పాడేది. ఎవరికీ అర్థం కాకపోయినా మళ్లీ పాడమనేవారు.

ఫ్యాక్టరీలో కంప్యూటర్లకు పెట్టే డిస్కులు చేసేవారు. కుమారమ్మది మూడో లైన్. అద్దాల గదిలో పని. లోపల ధూళి కణం కూడా ఉండకూడదని కాలి నుంచి తల దాకా తెల్ల సూటు తొడిగేవారు, మూతికి గుడ్డ, చేతులకు తొడుగులు. కళ్లు తప్ప ఏమీ కనిపించేవి కావు. మొదటి రోజు కుమారమ్మ నుదుటి కుంకుమను తడి కాగితంతో తుడిపించారు. పొడి రాలితే డిస్కు పాడవుతుందట. అద్దంలో బోసి నుదురు చూసుకుని వెంటనే మొహం తిప్పుకుంది. రెండు నెలలకు అలవాటైంది. బస్సెక్కగానే మళ్లీ పెట్టుకునేది, కుదుపులకు అది ఏ పక్కకో పోయేది.

లోపల మాటల్లేవు. గాలి యంత్రాల హోరు ఒక్కటే. కళ్లతోనే పలకరించుకోవడం నేర్చుకున్నారు. కుమారమ్మ పక్క బల్ల రొకియాది. సింగపూర్ మలాయ్ ఆవిడ, వయసులో పెద్దది. కుమారమ్మ ఆమెను కాక్ రొకియా అనేది, అక్క అన్నట్టు. రొకియా నవ్విందంటే మూతి గుడ్డ పైన కళ్ల పక్క గీతలు పడేవి. ఆ గీతలు చూసి కుమారమ్మకు కూడా నవ్వొచ్చేది.

వాళ్ల లైన్ మీద ఇంజనీరు సాంబమూర్తి. కాకినాడ నుంచి వచ్చి ఏడాదైంది. అతను తెలుగువాడని మొదట ఎవరికీ తెలియదు. ఒకరోజు ట్రేలు లెక్కపెడుతూ మూతి గుడ్డ లోపల "పద్నాలుగు, పదిహేను, పదహారు" అని గొణుక్కుంటుంటే కుమారమ్మ చెవిన పడింది. తోటలో నాలుగు ఇళ్లకు బయట తెలుగు వినడం ఆమెకు అంతకుముందు సూరిబాబు దగ్గరే. టీ విరామంలో ఎదురుగా వెళ్లి నిలబడింది.

"బాబూ, మీరు తెలుగోరేనా?"

సాంబమూర్తి అటూ ఇటూ చూశాడు. పక్కన తోటి ఇంజనీర్లు ఉన్నారు. "యెస్, యెస్. క్యారీ ఆన్," అని వెళ్లిపోయాడు. కుమారమ్మకు కోపం రాలేదు, చిన్నతనంగా మాత్రం అనిపించింది. ఆ రోజు తిరుగు ప్రయాణంలో పాట అడిగితే గొంతు బాగాలేదంది.

ఆ మరుసటి సంవత్సరం లూపే వచ్చింది.

కంపెనీకి ఇలాంటి ఫ్యాక్టరీ ఇంకొకటి మెక్సికోలో ఉంది, అమెరికా సరిహద్దుకు ఆనుకుని. కొత్త రకం డిస్కుకు తీగ చుట్టే పద్ధతి అక్కడ ముందు మొదలైంది. ఆ పని నేర్పడానికి అక్కడి లైన్ నుంచి ఒకామెను కొన్ని వారాలు పంపారు. పొట్టిగా, గుండ్రటి మొహంతో, నడుం దాకా జడతో దిగింది. తమిళావిడే అనుకుని క్యాంటీన్ ఆమె తమిళంలో పలకరించింది. లూపే తలూపి నవ్వింది.

ఆమెకు ఇంగ్లీషు అంతంత మాత్రం, కుమారమ్మకూ అంతే. అదే ఇద్దరినీ కలిపింది. లూపే వేళ్లు పట్టుకుని చూపించేది. తీగ ఎక్కడ బిగించాలో, ఎక్కడ వదలాలో. పొరపాటు చేస్తే మణికట్టు మీద చిన్నగా తట్టేది. క్యాంటీన్‌లో అందరితో కలిసి కూర్చునేది, ఇంజనీర్ల బల్ల దగ్గరికి రమ్మన్నా పోయేది కాదు. ఒకరోజు కుమారమ్మ పచ్చి మామిడికాయ ముక్కలు, ఉప్పూ కారం పొట్లం కట్టుకుని తెచ్చింది. లూపే ఒక ముక్క నోట్లో పెట్టుకుని కళ్లు మూసుకుంది. వాళ్ల వీధిలోనూ ఇలాగే అమ్ముతారని చేతులతో చెప్పింది. ఇంకో ముక్క తీసుకుని ముక్కు తుడుచుకుంది. కారానికో, ఇల్లు గుర్తొచ్చో ఎవరూ అడగలేదు.

కాజ్‌వే సంగతి విని లూపే పెద్దగా నవ్వింది. కాగితం రుమాలు మీద నది గీసి, దాని మీద వంతెన గీసింది. ఇవతల చిన్న చిన్న డబ్బాల్లాంటి ఇళ్లు, ఫ్యాక్టరీ. అవతల పెద్ద ఇళ్లు.

"ఇక్కడ, మీరు దాటాలి," అంది వంతెన మీద వేలు నడిపిస్తూ. "మా దగ్గర బాస్ దాటతాడు. పొద్దున వస్తాడు, సాయంత్రం పోతాడు. మేం దాటం. మమ్మల్ని దాటనివ్వరు."

రొకియా ఆ బొమ్మను చూస్తూ, "మరి నువ్వు ఇంత దూరం ఎలా దాటావు?" అంది మలాయ్‌లో. కుమారమ్మ ఎలాగో ఆ ప్రశ్నను ఇంగ్లీషులోకి తెచ్చింది. విమానంలో పంపారు కదా, పని ఉంటే పంపుతారు అంది లూపే.

ఇంకో కథ కూడా చెప్పింది. అక్కడ ఒకప్పుడు పనిగంటల్లో మూత్రానికి పంపేవారు కాదట. ఎవరైనా ఒక్కరు అడిగితే ఆ ఒక్కరినీ కసిరేవారట. అందుకని ఒకరోజు అందరూ ఒకేసారి లేచి వెళ్లారట. సమ్మె కాదు, నినాదాల్లేవు. అందరికీ ఒకేసారి అవసరం వచ్చింది, అంతే. లైన్ ఆగిపోయిందట. మొహం ఎర్రబడిన సూపర్‌వైజర్‌లా లూపే నటించి చూపిస్తుంటే బల్ల చుట్టూ ఉన్నవాళ్లంతా పొట్ట పట్టుకుని నవ్వారు. మెక్సికోకి తిరిగి వెళ్లేటప్పుడు లూపే కుమారమ్మ జడకు తన రిబ్బను కట్టి, కుమారమ్మ బొట్టుబిళ్లల అట్ట తీసుకుని వెళ్లింది. ఇద్దరికీ ఉత్తరం రాయగల భాష ఏదీ ఉమ్మడిగా లేదు.

ఆమె వెళ్లిన కొన్నాళ్లకు పని పెరిగింది. లోకంలో అందరూ కంప్యూటర్లు కొంటున్నారని, డిస్కులు చాలడం లేదని మీటింగుల్లో చెప్పేవారు. అంతకుముందు లైన్‌కు ఒక టోకెన్ ఉండేది. ఎరుపు ప్లాస్టిక్ బిళ్ల. అది మెడలో వేసుకున్నవాళ్లే మరుగుదొడ్డికి వెళ్లాలి. సూటు విప్పి, వెళ్లి, మళ్లీ తొడిగి, గాలి గదిలోంచి లోపలికి వచ్చేసరికి చాలాసేపు పట్టేది. అందులో ఎంత పని పోతోందో సాంబమూర్తి లెక్క కట్టి పైవాళ్లకు చూపించాడు. పైవాళ్లు మెచ్చుకున్నారు. టోకెన్ తీసేశారు. విరామంలో తప్ప కదలకూడదన్నారు.

మూడో లైన్‌లో ఆడవాళ్లు నీళ్లు తాగడం మానేశారు. ఇంట్లో టీ మానేశారు. మంట, జ్వరం, నడుం నొప్పి ఒకరి తరవాత ఒకరికి వచ్చేవి. బస్సులో వాటికి చిట్కాలు చెప్పుకునేవారు, బార్లీ నీళ్లని, లేత కొబ్బరి నీళ్లని. కంపెనీలో నోరెత్తినవాళ్లు లేరు. పర్మిట్ మీద వచ్చినవాళ్లకు కంపెనీ వద్దంటే ఆ రోజుతో సరి.

రొకియా అప్పుడు నాలుగో నెల కడుపుతో ఉంది. ఒకరోజు మధ్యాహ్నం చెయ్యెత్తింది. సాంబమూర్తి వచ్చి, ఇంకాసేపట్లో విరామం, సర్దుకోమన్నాడు. కాసేపాగి మళ్లీ ఎత్తింది. అతను దూరం నుంచే తల అడ్డంగా ఊపాడు. ఆ తరవాత రొకియా చెయ్యి ఎత్తలేదు. మైక్రోస్కోపు మీద వంగి అలాగే కూర్చుంది. విరామం గంట మోగింది, అందరూ లేచారు, ఆమె లేవలేదు. కుమారమ్మ ఆమె కళ్లలోకి చూసింది. ఏం జరిగిందో అర్థమైంది. దగ్గరికి వెళ్లి, ఆమె వెనకాలే ఒంటికి ఒళ్లు ఆనించి నిలబడింది. ఇద్దరూ అలాగే ఒక్క మనిషిలా నడుచుకుంటూ బయటికి వెళ్లారు. సూట్లు మార్చుకునే గదిలో రొకియా బెంచీ మీద కూలబడింది.

"మూడో బిడ్డ నాకు," అంది. "ఇన్నేళ్ల మనిషిని. పసిపిల్లలా చేశారు నన్ను."

కుమారమ్మ ఆమె ముందు నేల మీద కూర్చుంది. ఆమె సాక్సులు విప్పి పంపు కింద ఉతికి పిండింది.

ఆ సాయంత్రం బస్సులో పాటల్లేవు. కాజ్‌వే మీద లారీలు నిలిచిపోయి బస్సు ఆగినప్పుడు కుమారమ్మ సీట్లో మోకాళ్ల మీద వెనక్కి తిరిగి కూర్చుంది.

"లూపే చెప్పింది గుర్తుందా మీకు?" అంది మలాయ్‌లో, తరవాత తమిళంలో.

అందరికీ గుర్తుంది. కానీ ఎవరూ నవ్వలేదు. సియూ లాన్ అనే ఆవిడ, జొహోర్ బారులో ముగ్గురు పిల్లలున్న మనిషి, ముందు మాట్లాడింది. "నీకు పెళ్లి కాలేదు, పిల్లల్లేరు. నువ్వు అనగలవు. నన్ను కలపకు." ఆమె అన్నదాంట్లో తప్పు లేదని కుమారమ్మకు తెలుసు. "కలపను అక్కా," అంది. "లేచేవాళ్లు లేస్తారు. లేవనివాళ్లను ఎవరూ మాట అనకూడదు." ఆ మాట బస్సంతా ఒప్పుకుంది. ఎప్పుడన్నది కూడా అక్కడే అనుకున్నారు. పొద్దుటి విరామానికీ తిండి విరామానికీ మధ్య. సింగపూర్ వాళ్లకు సూట్లు మార్చుకునే గదిలో చెప్పాలనుకున్నారు.

దారి తెరుచుకున్నా సూరిబాబు బస్సును నింపాదిగానే పోనిచ్చాడు. వెనకవాళ్లు హారన్ కొడుతున్నా పట్టించుకోలేదు. కులాయ్‌లో కుమారమ్మ దిగేటప్పుడు, "జాగ్రత్త," అన్నాడు. అంతకుముందు ఎప్పుడూ అలా అనలేదు.

అనుకున్న రోజు పొద్దున్న కుమారమ్మ చేతిలో రెండు తీగలు తెగాయి. గడియారం ముల్లు అక్కడికి వచ్చాక పనిముట్టు కింద పెట్టి లేచింది. ఒక్క క్షణం తనొక్కతే నిలబడి ఉన్నట్టు తోచింది. తరవాత కుర్చీ చక్రాల చప్పుడు వినిపించింది. ఒకటి, ఇంకొకటి, ఆ చివర ఇంకొకటి. తిరిగి చూస్తే లైనంతా తెల్లగా నిలబడి ఉంది. సియూ లాన్ కూడా నిలబడి ఉంది.

ఎవరూ పరుగెత్తలేదు. ఇద్దరిద్దరుగా గాలి గదిలోంచి బయటికి వచ్చి, సూట్లు విప్పి వంకీలకు తగిలించి, మరుగుదొడ్ల ముందు వరుసలో నిలబడ్డారు. ఆంగ్ మో కియోలో కాజ్‌వే వరుసలాగే ఉందని ఎవరో అంటే కొందరు ముసిముసిగా నవ్వారు. సాంబమూర్తి సూటుతోనే బయటికి పరుగెత్తుకొచ్చాడు. ఏంటిది, ఏంటిది అని ఇంగ్లీషులో అడుగుతూ వరుస వెంట ఆ చివరికీ ఈ చివరికీ తిరిగాడు. టాయిలెట్ సార్, అని ఒకామె జవాబు చెప్పింది. ఇంకొకామె కూడా అదే చెప్పింది.

కాసేపటికి ప్లాంట్ మేనేజరే వచ్చాడు. పొడుగాటి అమెరికా మనిషి, తలంతా నెరిసింది. తోటలో తెల్ల మేనేజర్‌ను దొర అనేవారు కాబట్టి కుమారమ్మకు ఇతనూ దొరే. సంగతేమిటో ఎవరైనా చెప్పండి, ఎవరినీ ఏమీ అనను అన్నాడు. వరుసలోంచి కుమారమ్మ ముందుకొచ్చింది. ఇంగ్లీషులో మొదలుపెట్టింది. "సార్, మై ఫ్రెండ్, బేబీ ఇన్‌సైడ్, సార్, షి ఆస్క్..." అక్కడ ఆగిపోయింది. చెప్పాల్సింది గొంతు దాకా ఉంది, ఆ భాషలో దారి లేదు. అప్పుడు సాంబమూర్తి వైపు తిరిగింది.

"బాబూ, నా ఇంగ్లీసు సాలదు. నాను సెప్తాను, మీరు దొరకి సెప్పండి."

దొర అతని వైపు చూశాడు. ఇద్దరిదీ ఒకే భాషా అని అడిగాడు. అవునన్నాడు సాంబమూర్తి. కానివ్వమన్నాడు దొర.

"మేం పని ఎగ్గొట్టడానికి లెగనేదు. ఈ పనంటే నాకు ఇట్టం. మా అమ్మ రబ్బరు కోసి కోసి నడుం పడిపోనాది, నాను కుర్సీలో కూకుని సేత్తన్నాను, అది నాకు తెల్సు. కానీ మేం నీళ్లు తాగడం మానీసినాం బాబూ. జరాలొత్తన్నాయి. మొన్న కడుపుతో ఉన్న మనిసి రెండుసార్లు సెయ్యెత్తినాది. పంపనేదు. కూకున్న సోటే తడిసిపోనాది. మేం మనుసులం కామేటి? పంపనిది ఎవరంటే మీరే బాబూ. అది కూడా సెప్పండి."

సాంబమూర్తి మూతి గుడ్డ కిందికి లాగాడు. గొంతు సవరించుకుని మొదలుపెట్టాడు. కుమారమ్మకు ఇంగ్లీషు మాట్లాడటం రాకపోయినా వింటే తెలుస్తుంది. రబ్బరు మాట వచ్చింది, నీళ్ల మాట వచ్చింది, జ్వరాల మాట వచ్చింది. రొకియా దగ్గరికి వచ్చేసరికి అతని గొంతు చిన్నదైంది కానీ ఆగలేదు. చివరికి, "ఇట్ వజ్ మీ," అన్నాడు. "ఐ డిడ్ నాట్ లెట్ హర్ గో." ఏదీ తగ్గించలేదు, ఏదీ దాచలేదు.

దొర వరుసను ఆ చివర దాకా చూశాడు. తను ఇక్కడికి రాకముందు మెక్సికో ఫ్యాక్టరీలో చేశానని, అక్కడా ఇలాంటిదే చూశానని అన్నాడు. మళ్లీ చూడాల్సి వస్తుందనుకోలేదట. అవసరం తీర్చుకున్నాక లోపలికి రమ్మని, వెనక్కి తిరిగి వెళ్లిపోయాడు.

తరవాతి వారం ప్రతి లైన్‌కూ ఒక రిలీవర్‌ను పెట్టారు. ఎవరు లేచినా వాళ్ల కుర్చీలో కూర్చుని పని అందుకునే మనిషి. మూడో లైన్‌కు మొదటి రిలీవర్ కుమారమ్మే. తడిసిన మర్నాటి నుంచే సెలవు పెట్టిన రొకియా తిరిగి వచ్చిన మొదటి రోజు చెయ్యెత్తింది. నిజంగా అవసరమై ఎత్తిందో, ఊరికే ఎత్తి చూసిందో. కుమారమ్మ వెళ్లి పక్కన నిలబడింది. మూతి గుడ్డ పైన ఆ గీతలు పడ్డాయి.

ఆ ఏడాది చివర కుమారమ్మ పర్మిట్ గడువు తీరింది. బస్సులో మిగతా అందరివీ పొడిగించారు, ఆమెది పొడిగించలేదు. కారణం చెప్పలేదు, చెప్పాల్సిన అవసరం లేదట. చివరి సాయంత్రం బస్సు దగ్గరికి సాంబమూర్తి వచ్చాడు. చుట్టూ అంతమంది ఉండగా తెలుగులో మాట్లాడాడు.

"కుమారమ్మా, నేను అడిగాను. నా మాట వినలేదు."

"మీరు ఆ రోజు సరిగ్గా సెప్పినారు బాబూ. ఎవులైనా నాలుగు మాటలు మింగీసి ఉందురు. ఎల్లొస్తాను."

అతను బస్సు కదిలేదాకా అక్కడే నిలబడ్డాడు. ఆ తరవాత కొన్నేళ్లకు కుటుంబంతో కాలిఫోర్నియా వెళ్లిపోయాడని విన్నది తప్ప కుమారమ్మ అతన్ని మళ్లీ చూడలేదు.

తోటకు తిరిగి వెళ్లి మళ్లీ కత్తి పట్టుకుంది. చెయ్యి మరిచిపోలేదు గానీ మనసు నిలిచేది కాదు. తెల్లవారుజామున కూడలి వైపు బస్సు హారన్ వినిపిస్తే కోస్తున్న చెట్టు దగ్గరే ఆగిపోయేది. కొన్ని వారాలకు ఒక ఆదివారం సూరిబాబు వాళ్లమ్మ హైమావతిని వెంటబెట్టుకుని వచ్చాడు. బస్సు లేకుండా అతన్ని చూడటం అదే మొదలు. ఇస్త్రీ చొక్కా వేసుకుని, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక కూర్చున్నాడు.

"మా వోడు నిన్ను అడగమన్నాడే అమ్మా," అంది హైమావతి. "బస్సులో అందరూ అన్న అంటే నువ్వొక్కదానివీ అననేదట. అది పట్టుకుని ఇన్నాళ్లూ కూకున్నాడు."

కుమారమ్మ తల్లి మొహం తిప్పుకుని నవ్వింది. కుమారమ్మ లోపలికి వెళ్లి టీ పెట్టింది. చాలా రోజుల తరవాత తనూ ఒక గ్లాసు నిండా తాగింది.

పెళ్లి వెంటనే కాలేదు. పర్మిట్ మీద పనిచేసిన మనిషిని సింగపూర్ మనిషి చేసుకోవాలంటే సర్కారు అనుమతి కావాలి. అది వచ్చేదాకా సూరిబాబు ప్రతి ఆదివారం కాజ్‌వే దాటి జొహోర్ బారు వచ్చేవాడు, కుమారమ్మ కులాయ్ నుంచి అక్కడికి వచ్చేది. బస్టాండు పక్కన కాఫీ దుకాణంలో కూర్చునేవారు. ఇద్దరూ పెద్దగా మాట్లాడుకునేవారు కాదు. అవతలి ఒడ్డు కనిపిస్తూ ఉండేది. ఆ ఆదివారాలంత బాగా తరవాత ఇంకేవీ లేవని కుమారమ్మ ఇప్పటికీ అంటుంది, సూరిబాబు ఎదురుగా ఉన్నప్పుడు కూడా.

అనుమతి వచ్చింది, పెళ్లయింది, సింగపూర్ బెడోక్ పేటలో ఫ్లాట్ వచ్చింది. శాలిని పుట్టింది. కుమారమ్మ దగ్గర్లోని స్కూలు క్యాంటీన్‌లో నూడుల్స్ వండే దుకాణంలో కుదిరింది. తొంభైల చివరికి బ్లాకులో కొత్త తెలుగువాళ్లు దిగడం మొదలైంది. హైదరాబాద్ నుంచి, విజయవాడ నుంచి వచ్చిన కంప్యూటర్ ఉద్యోగులు. పై అంతస్తులో కృష్ణప్రసాద్, కాత్యాయని దంపతులు. లిఫ్ట్‌లో కుమారమ్మ శాలినితో మాట్లాడుతుంటే విని కాత్యాయని ఆశ్చర్యపోయింది.

"ఆంటీ, మీరు మా నాయనమ్మ మాట్లాడినట్టే మాట్లాడుతున్నారు. ఆవిడది పాలకొండ సైడ్. ఎక్కడ నేర్చుకున్నారండీ?"

"నేర్చుకున్నదేటుంది అమ్మా. మా ఇంట్లో ఇదే."

"మమ్మీ తెలుగు వెరీ ఓల్డ్ వన్ లా," అంది శాలిని సింగపూర్ ఇంగ్లీషు యాసలో. కాత్యాయని అప్పటి నుంచి సాయంత్రాలు కిందికి వచ్చి కూర్చునేది. ఏదో ఒక మాట అడిగి మళ్లీ మళ్లీ అనిపించుకునేది. తన తెలుగు ఎవరికైనా కావాలని కుమారమ్మ ఎప్పుడూ అనుకోలేదు. పైకి విసుక్కునేది గానీ ఆమె రాని రోజున గుమ్మం వైపు చూసేది.

ఆ రోజుల్లోనే ఆంగ్ మో కియో ఫ్యాక్టరీ మూసేశారు. పనిని ఇంకా చవకైన దేశానికి తీసుకుపోయారు. లోకమంతా కంప్యూటర్లు, కంప్యూటర్లు అంటున్న కాలంలో మూడో లైన్ ఆడవాళ్లకు పని పోయింది. నడివయసు వచ్చేసింది, మైక్రోస్కోపుల కింద ఏళ్ల తరబడి చూసి చూపు తగ్గింది. కొందరు ఆఫీసులు తుడిచే పనిలో చేరారు, కొందరు పిల్లల్ని చూసుకునే పనిలో. ఫ్యాక్టరీ పోయాక వాళ్లంతా అంతకుముందు కంటే ఎక్కువగా కలుసుకోవడం మొదలుపెట్టారు. ఏటా హరిరాయకు, అంటే రంజాన్ పండక్కి, రొకియా ఇంట్లో చేరేవారు. జొహోర్ వాళ్లు కూడా బస్సు కట్టించుకుని వచ్చేవారు.

రెండువేల సంవత్సరం పండక్కి కూడా అలాగే చేరారు. తిండి అయ్యాక నేల మీద చాప పరుచుకుని కూర్చున్నారు. మాట ఎప్పట్లాగే ఆ రోజు మీదికి మళ్లింది.

"ముందు లేచింది కుమారమ్మ," అంది ఒకావిడ.

"కాదు, నేను చూశాను, కుమారమ్మ ఇంకా తీగ పట్టుకునే ఉంది. ముందు లేచింది సియూ లాన్."

"నేనా?" అంది సియూ లాన్. "నాకు భయంతో కాళ్లు ఆడలేదు. నన్ను పక్కావిడ చెయ్యి పట్టి లేపింది."

పక్కావిడ తను ఎవరినీ పట్టుకోలేదంది. చివరికి కుమారమ్మను అడిగారు. ఆ ఒక్క క్షణం తనొక్కతే నిలబడ్డట్టు తోచిన సంగతి ఆమెకు బాగానే గుర్తుంది. అయితే అది నిజమో, అప్పటికే వెనక ఇంకెవరైనా లేచి ఉన్నారో, ఆమె తిరిగి చూడలేదు.

"నాకు కుర్చీల చప్పుడే గుర్తుంది," అంది మలాయ్‌లో. "ఎవరిది ముందో తెలీదు."

"నన్ను మాత్రం అడగకండి," అంది రొకియా పళ్లేలు పేర్చుతూ. "నేను ఆ రోజు ఇంట్లో పడుకుని ఉన్నాను."

అందరూ పగలబడి నవ్వారు. సియూ లాన్ కళ్లు తుడుచుకుంటూ లేచి, పళ్లేలు అందుకుని వంటగదిలోకి నడిచింది. కుమారమ్మ కొంగు దోపుకుని ఆమె వెనకాలే వెళ్లింది. చాప మీద వాదన ఇంకా నడుస్తూనే ఉంది.